కాళ్లు తడవని గంగ: తెలంగాణ పర్యాటక శాఖకు తాండూరు నుంచి ఒక లేఖ

గౌరవనీయులైన తెలంగాణ పర్యాటక శాఖ మంత్రి గారికి, శాఖాధికారులకు,



నేను తాండూరు వాణ్ణి. ముప్పై రెండేళ్లు సర్కారు బడుల్లో సాంఘికశాస్త్రం చెప్పి రిటైరయ్యాను. మా నాన్న నాపరాయి గనిలో బండలు తీసిన కూలీ. ఈ రెండు సంగతులూ ముందే చెప్పుకోవడానికి కారణం ఉంది. నేను మిమ్మల్ని అడగబోయేది అటు బడితోనూ ఇటు గనితోనూ ముడిపడింది.

2019 జనవరిలో మా అక్క కొడుకు నన్నూ మా ఆవిడనూ దుబాయ్ రప్పించుకున్నాడు. అతను అక్కడ ఏసీ మెకానిక్. వారానికి దొరికే ఒక్క శుక్రవారం సెలవునూ మాకోసం వెచ్చించి, బుర్జ్ ఖలీఫా పక్కనే ఉన్న దుబాయ్ మాల్‌కు తీసుకుపోయాడు. అంతకు ముందటేడే, 2018లో, ఆ మాల్ లోపల వీఆర్ (వర్చువల్ రియాలిటీ) పార్క్ తెరిచారు. దాదాపు 75 వేల చదరపు అడుగుల జాగా. లోపలికి అడుగుపెడితే చీకటి, రంగురంగుల దీపాలు, వరసగా కుర్చీలు, కళ్లకు నల్లటి పెట్టెలు కట్టుకున్న మనుషులు. కూచున్నచోటే కూచుని కొందరు గాలిలో చేతులాడిస్తున్నారు, కొందరు కెవ్వుమంటున్నారు. మా ఆవిడ నా మోచెయ్యి గట్టిగా పట్టుకుని, వీళ్లకేమైంది అని అడిగింది. మావాడు నవ్వి, "అత్తా, నువ్వు వెట్టుకున్నా గట్లనే ఒర్లుతవు" అన్నాడు.

ఆమె కెవ్వుమనలేదు గానీ, ఇసుకదిబ్బల మీద బండి తోలే ఆటలో నా చెయ్యి మాత్రం వదల్లేదు. బండి దిబ్బ అంచుకెక్కి అవతలికి దూకినప్పుడు కడుపులో పేగులు పైకొచ్చినట్టయింది నాకు. తల తిప్పితే అటూ ఎడారే, వెనక్కి తిప్పినా ఎడారే. 828 మీటర్ల బుర్జ్ ఖలీఫా మీంచి కిందికి పడిపోయే ఆట ఇంకొకటి ఉంది. దానికి మేం సాహసించలేదు. అమెరికా సినిమాల బాపతు దయ్యాల ఆటలూ తుపాకుల ఆటలూ ఉన్నాయి. అవేవీ నాకు గుర్తులేవు. గుర్తున్నది ఒక్కటే. ఆ మాల్ దాటి గంట ప్రయాణం చేస్తే అసలైన ఎడారి ఉంది. నాలుగడుగులు బయటికేస్తే అసలు బుర్జ్ ఖలీఫాయే ఉంది. ప్రపంచంలో ఎక్కడిదైనా కొని తెచ్చుకోగల స్తోమత ఉన్నవాళ్లు, తమ ఇసుకనూ తమ భవనాన్నీ కూడా ఆ కళ్లద్దాల్లో పెట్టుకున్నారు.

బయటికొచ్చి చాయ్ తాగుతుంటే మావాడు ఒక మాటన్నాడు. "మామా, నేనీడికొచ్చి ఏడేండ్లాయె. ఎడారి చూడనీకి ఒక్కసారన్న పోలే. గీ ఆట మాత్రం రెండుసార్లు ఆడిన." సెలవు లేదు, ఖర్చెక్కువ, గదిలో ఉన్న పదిమందికీ వంట వంతు ఉంటుంది. దగ్గరే ఉన్నా చేరుకోలేని చోటును ఆ యంత్రం అతనికి కాసేపు చూపించింది. వీఆర్ విలువేమిటో నాకు అప్పుడు తెలిసింది.

ఈ యంత్రం మనకు మరీ కొత్తదేమీ కాదు. నా చిన్నప్పుడు భద్రేశ్వరుడి జాతరకు డబ్బా సినిమా మనిషి వచ్చేవాడు. రేకు డబ్బాకు గుండ్రటి కన్నాలు, కన్నానికో భూతద్దం, లోపల తిరిగే బొమ్మలు. మోకాళ్ల మీద కూచుని కళ్లు ఆనిస్తే తాజ్‌మహల్, బొంబాయి సముద్రం, సినిమా తారలు. చుట్టూ జాతర గోలంతా మాయమైపోయేది. అదే పనిని కంప్యూటర్‌తో తలకు తగిలించినవాడు ఇవాన్ సదర్లాండ్ అనే అమెరికా శాస్త్రవేత్త, 1968లో. ఆ యంత్రం ఎంత బరువంటే తల మోయలేక పైకప్పు నుంచి వేలాడదీయాల్సి వచ్చింది. ఇప్పుడది అరకిలో బరువుకు దిగివచ్చింది. రెండు కళ్లకూ కొద్దిపాటి తేడాతో రెండు బొమ్మలు చూపిస్తుంది. తల ఎటు తిరిగితే బొమ్మ దాని వెంటే తిరుగుతుంది. మెదడు ఆ తేడాను లోతుగా లెక్కగట్టుకుని, నిజంగానే అక్కడ ఉన్నామనుకుంటుంది.

దీని చెడు కూడా చూశాను. ఈమధ్య ఒక జాతరలో గుడారం వేసి హెడ్‌సెట్లు పెట్టారు. మూడు నిమిషాలకు వంద రూపాయలు. రోలర్‌కోస్టర్ బొమ్మ. ఆరేడేళ్ల పిల్లలను కూడా ఎత్తుకుని కూచోబెడుతున్నారు. ఒకరి చెమట ఆరకముందే ఇంకొకరి మొహానికి కడుతున్నారు. నేనూ కూచున్నాను. రెండో నిమిషంలోనే తల తిరిగి, లేచొచ్చి చెట్టు కింద కూలబడ్డాను. నువ్వు దూసుకుపోతున్నావని కళ్లు చెబుతాయి, కదలకుండా కూచున్నావని లోపలి చెవి చెబుతుంది. ఆ రెంటికీ పొత్తు కుదరక వచ్చే వికారమది. చిన్నపిల్లలకు పెట్టొద్దని ఆ యంత్రాలు తయారుచేసేవాళ్లే చెబుతారు. అక్కడ వయసు అడిగిన నాథుడు లేడు. ఇలాంటి గుడారాలకు కనీస నియమాలు పెట్టమని కూడా ఈ లేఖలోనే అడుగుతున్నాను.

ఇక నేనీ లేఖ రాయడానికి అసలు కారణం మా అమ్మ.

మా అక్క కొడుకు పోయినసారి సెలవుకొచ్చినప్పుడు ఒక హెడ్‌సెట్ తెచ్చాడు. అమ్మకు ఎనభై దాటాయి. మోకాళ్లు పనిచేయవు. కాశీకి పోవాలన్న ఆశ ఆమెకు ఆశగానే మిగిలిపోయింది. వాడు కాశీ ఘాట్ల వీడియో పెట్టి, అమ్మమ్మను మంచం మీద కూచోబెట్టి, మెల్లగా తలకు తగిలించాడు. ఆమె చాలాసేపు మాట్లాడలేదు. తల ఎడమకు తిప్పింది, కుడికి తిప్పింది. చేతులెత్తి దండం పెట్టింది. తర్వాత మంచం మీంచి కాళ్లు కిందికి జార్చి పాదాలతో నేలను తడిమింది. "గంగల కాళ్లు వెట్టినట్టె ఉన్నది బిడ్డా, కాళ్లు మాత్రం తడుస్తలేవు" అంది.

తీసేద్దామని చెయ్యి వేస్తే ఆపి, ఇంకో మాట అడిగింది. "గిది అన్నీ సూపిస్తదా? మరి మీ నాయిన బండలు గొట్టిన గని సూపియ్యున్రి."

వాడు వెతికాడు. ఎవరెస్టు ఉంది. నయాగరా ఉంది. చంద్రుడి నేల ఉంది. మా ఇంటికి ఎనిమిది కిలోమీటర్ల దూరంలోని గని లేదు. మా జిల్లాలోని అనంతగిరి కొండల పేరు కొడితే, ఎవరో పడుచువాళ్లు కారు కిటికీలోంచి తీసుకున్న వీడియోలు నాలుగు వచ్చాయి.

అయ్యా, మా వికారాబాద్ జిల్లాలో చూపించడానికేముందని ఎవరైనా అడగొచ్చు. బడిలో నేను ఏటా చెప్పిన పాఠం ఒకటి మీకూ చెబుతాను. వికారాబాద్ జంక్షన్‌లో రైలెక్కి తాండూరులో దిగండి. నలభై కిలోమీటర్ల ప్రయాణం. 1874లో నిజాం ప్రభుత్వం వాడి నుంచి సికింద్రాబాద్‌కు వేయించిన దారి అది. ఆ ముప్పావు గంటలో మీరు లావా మీంచి సముద్రం అడుక్కి దిగుతారు.

దాదాపు 6.6 కోట్ల ఏళ్ల కిందట పడమటి దిక్కున భూమి పగిలి, దక్కను పీఠభూమి మీద లావా పొరల మీద పొరలుగా పరుచుకుంది. దాని తూర్పు అంచు వికారాబాద్ ప్రాంతం. ఆ నల్లరాయి ఎండకూ వానకూ లక్షల ఏళ్లు నాని, కొండల నెత్తిన ఎర్రటి రాయిగా మారింది. అనంతగిరి ఘాట్ రోడ్డు మీద మీ బూట్లకు అంటుకునే ఎర్రమట్టి అదే. పల్లపు పొలాల్లోని నల్లరేగడీ ఆ రాతి బిడ్డే. 2022లో భౌగోళిక గుర్తింపు పొందిన మా తాండూరు కందిపప్పు రుచి ఆ నేలదే. ఇంకా పడమరకు, తాండూరు దాకా వస్తే నాపరాయి. అది లావా కంటే ఎన్నో రెట్లు పాతది, యాభై కోట్ల ఏళ్లకు పైబడినది. లోతులేని సముద్రం అడుగున సున్నపు బురద సన్నటి పొరలుగా దిగి, గట్టిపడి, రాయయింది. అందుకే మా నాన్న ఉలి పెట్టి నాలుగు దెబ్బలు వేస్తే పుస్తకంలో పేజీ విడినట్టు పలక విడివచ్చేది. ఆ పలకల మీదే హైదరాబాద్‌లో లక్షల ఇళ్లవాళ్లు నడుస్తున్నారు.

మన ఊర్లో సముద్రం ఎక్కడిది సార్ అని ప్రతి ఏడూ ఒక పిల్లో పిల్లవాడో అడిగేవారు. నల్లబల్ల మీద సుద్దముక్కతో అలలు గీసేవాణ్ణి. ఆ పిల్లల్లో సగం మంది గని కూలీల బిడ్డలు, పాలిష్ మిషన్ల దగ్గర తెల్లటి దుమ్ములో పెరిగినవాళ్లు. తమ అమ్మానాన్నలు తవ్వేది సముద్రం అడుగని వాళ్లకు కళ్లారా చూపించగల సాధనం అప్పుడు నా దగ్గర లేదు. ఇప్పుడు లోకంలో ఉంది. వీఆర్ నిజంగా పనికొచ్చేది ఇక్కడే, ఎంత నడిచినా ఎంత డబ్బు పెట్టినా మనిషి చేరుకోలేని చోటును చూపించడానికి. గని గోడ ముందు నిలబడ్డ పిల్లకు ఆ గోడ కరిగి నీళ్లయి, బురద పొర మీద పొర దిగడం కనబడాలి. తర్వాత పడమటి నుంచి ఎర్రటి లావా రావాలి, అది చల్లారాలి, దాని మీద గడ్డి మొలవాలి, అడవి లేవాలి.

ఆ అనంతగిరి అడవిలోనే మూసీ పుట్టింది. ఇక్కడి కథ మీకు తెలిసే ఉంటుంది. దేవతల పక్షాన యుద్ధం చేసి అలసిన ముచుకుందుడు నిద్ర వరం అడిగి గుహలో పడుకున్నాడు. యుగాలు గడిచాయి. కృష్ణుణ్ణి తరుముకొచ్చిన కాలయవనుడు అతన్ని తన్ని లేపి, ఆ చూపుకు బూడిదయ్యాడు. ముచుకుందుడు కృష్ణుడి పాదాలు కడిగిన నీళ్లే ముచుకుందా నది అయిందని, అదే మూసీ అని మా పెద్దలు చెబుతారు. అనంత పద్మనాభస్వామి గుడి దగ్గర సన్నగా మొదలైన ఆ నీరు దాదాపు 240 కిలోమీటర్లు పోయి వాడపల్లి దగ్గర కృష్ణలో కలుస్తుంది. దారిలో 1908 సెప్టెంబరు 28న హైదరాబాద్‌ను ముంచింది. ఆ వరద తర్వాతే ఉస్మాన్‌సాగర్, హిమాయత్‌సాగర్ కట్టారు. ఒక నది పుట్టుక నుంచి సంగమం దాకా దాని వెంట నడిచే అనుభవం హైదరాబాద్ పిల్లలకు కావాలి. తమ ఊళ్లో ముక్కు మూసుకుని దాటే ఆ నీరు ఇక్కడ ఎలా ఉంటుందో వాళ్లు చూడాలి.

ఇక నా మనవి. కేంద్రం స్వదేశ్ దర్శన్ 2.0 పథకంలో మన రాష్ట్రం నుంచి భువనగిరితో పాటు అనంతగిరిని ఎంపిక చేసింది. సంతోషం. రేపెప్పుడైనా ఎవరైనా మీ ముందుకొచ్చి, కొండమీద పెద్ద వీఆర్ వినోద పార్కు కడతామంటే దయచేసి ఒప్పుకోవద్దు. ఆ కొండ మనిషికిచ్చేది గాలి. నిజాం కాలంలో క్షయ రోగుల దవాఖాన అక్కడే కట్టడానికి కారణం ఆ గాలే. రాతిదుమ్ముతో ఛాతీ పాడైన మా నాన్న కూడా రెండు నెలలు ఆ దవాఖానలో ఉన్నాడు. నేను ఆదివారాలు క్యారియర్ పట్టుకుని పోయేవాణ్ణి. ఇంట్లో రాత్రంతా దగ్గే మనిషి అక్కడ చెట్టు కింద కూచుని నిదానంగా ఊపిరి తీసుకోవడం చూశాను. ఇప్పుడు సెలవు వస్తే ఆ ఘాట్ రోడ్డు నిండా కార్లే, చెట్ల మొదళ్లలో ప్లాస్టిక్ గ్లాసులే. కొండను ఇంకా బరువెక్కించొద్దు. ఫ్రాన్స్‌లో లాస్కో గుహలోని ఆదిమ చిత్రాలు జనం ఊపిరికే పాడవుతున్నాయని 1963లో ఆ గుహకు తాళం వేశారు. 1983లో పక్కనే అచ్చంగా అలాంటి గుహను కట్టి, జనానికి దాన్ని చూపిస్తున్నారు.

పైగా యంత్రాల పార్కులు తొందరగా ముసలివవుతాయి. డిస్నీ సంస్థ 1998లో ఫ్లోరిడాలో ఐదంతస్తుల భవనం కట్టి, వీఆర్ ఆటలతో డిస్నీక్వెస్ట్ అని తెరిచింది. షికాగోలో రెండోది పెట్టి రెండేళ్లకే ఎత్తేసింది. ఫ్లోరిడాది కూడా 2017లో మూతపడింది. డిస్నీ అంతటి సంస్థకే కాలంతో పరుగెత్తడం సాధ్యం కాలేదు. మనం కోట్లు పోసి హెడ్‌సెట్లు కొంటే ఐదేళ్లకు అవి బీరువా ఎక్కుతాయి. డబ్బు పెట్టాల్సింది లోపలి బొమ్మ మీద. ఒకసారి చక్కగా కొలిచి, ఫొటోలు తీసి, కంప్యూటర్‌లో కట్టుకున్న గనిని, అడవిని, గుడిని రేపు ఏ యంత్రం వచ్చినా అందులో చూపించుకోవచ్చు.

ఆ పని చేసేవాళ్ల కోసం దుబాయ్ దాకా పోనక్కర్లేదు. 2017లోనే బాహుబలి లోకం మీద తీసిన వీఆర్ చిత్రం న్యూయార్క్ ట్రైబెకా చిత్రోత్సవానికి వెళ్లింది. హంపి శిథిలాలను కంప్యూటర్‌లోకి ఎక్కించిన డిజిటల్ వారసత్వ ప్రాజెక్టులో ట్రిపుల్ ఐటీ హైదరాబాద్ పరిశోధకులు పాలుపంచుకున్నారు. బాహుబలి కోసం మాహిష్మతిని లేనిచోట నిలబెట్టగలిగిన హైదరాబాద్‌కు, ఉన్న తాండూరును చూపించడం కష్టమా?

కొండమీద వద్దు గానీ తాండూరులో, రైల్వే స్టేషన్‌కు దగ్గర్లో, నాపరాయితోనే కట్టిన ఒక చిన్న ఇల్లు చాలు. పది కదలని కుర్చీలు, పది హెడ్‌సెట్లు. కళ్ల ముందు లోకం మెల్లగా కదలాలి, పరుగెత్తకూడదు, అప్పుడే మా అమ్మలాంటివాళ్లకు తల తిరగదు. మాటలు తెలుగుతో పాటు కన్నడంలోనూ ఉర్దూలోనూ ఉండాలి, మా బజారులో ఈ మూడు భాషలూ లేకుండా కిలో ఉల్లిగడ్డల బేరం కూడా జరగదు. కొన్ని హెడ్‌సెట్లను ఊళ్లలోకి కూడా పంపండి. డబ్బా సినిమా మనిషి మా దగ్గరికి తానే వచ్చినట్టు, ఒక వ్యాను బషీరాబాద్, యాలాల, పెద్దేముల్ బడులకు పోవాలి. పెద్ద తరగతుల పిల్లలకు చూపించి, మర్నాడు వాళ్లనే బస్సెక్కించి అసలు గని గట్టు మీదికి, అసలు మూసీ ఊట దగ్గరికి తీసుకుపోవాలి. కాళ్లు తడవాలి.

ఇంకొక విన్నపం, ఇది కొంచెం బాధతో రాస్తున్నాను. పూడూరు మండలంలోని దామగుండం అడవిలో దాదాపు 2,900 ఎకరాలను నౌకాదళం రేడియో ప్రసార కేంద్రానికి ఇచ్చారు. 2024 అక్టోబరు 15న శంకుస్థాపన జరిగింది. సముద్రం లోపలి జలాంతర్గాములతో మాట్లాడే కేంద్రమది, తమిళనాడులోని తిరునల్వేలి దగ్గరి దాని తర్వాత దేశంలో రెండోది. దేశ రక్షణ అవసరం నేను కాదనను. కానీ ఆ చెట్ల కోసం గొంతెత్తినవాళ్లలో నేనూ ఒకణ్ణి, ఆ దుఃఖం నాకింకా తీరలేదు. నాగార్జునసాగర్ నీళ్లలో మునగబోయే ముందు, 1954 నుంచి 1960 వరకు, నాగార్జునకొండ లోయనంతా తవ్వి, కొలిచి, ముఖ్యమైన కట్టడాలను కొండమీదికి చేర్చారు. అంత శ్రద్ధ చూపిన దేశం మనది. నౌకాదళం అనుమతించిన మేరకు, రక్షణ అవసరాలకు అడ్డురాని చోట, ఆ అడవిని, అక్కడి రామలింగేశ్వరుడి గుడిని, వానాకాలపు వాగులను ఇప్పుడే రికార్డు చేయించండి. నరికిన చెట్టును ఏ కళ్లద్దమూ మొలిపించలేదు. అయినా ఇక్కడ ఏముండేదో రేపటి పిల్లలు అడిగితే చూపించడానికి మన దగ్గర ఏదో ఒకటి ఉండాలి.

మా నాన్న పనిచేసిన గని ఎప్పుడో మూతపడింది. వానలకు నీళ్లు నిండి చెరువులా ఉంది. మొన్న పోయి చూసొచ్చాను. నీటిమట్టానికి పైన తూర్పు గోడ ఇంకా పన్నెండు అడుగుల దాకా కనబడుతోంది. పొరలన్నీ స్పష్టంగా ఉన్నాయి, ఉలి గాట్లతో సహా. ఒక పక్క నుంచి చెత్తా రాతి తుక్కూ పోసి పూడుస్తున్నారు. అమ్మకు ఎనభై మూడు. దయచేసి ఈ ఎండాకాలం లోపల కెమెరా ఉన్న మనిషిని ఒక్కరిని పంపించండి. దారి నేను చూపిస్తాను.

ఇట్లు,
తాండూరు నుంచి ఒక రిటైర్డ్ సాంఘికశాస్త్ర ఉపాధ్యాయుడు